ఒట్టు గిన్నె, రెండో భాగం

సురులేరే, లేగోస్
మార్చి 9, 1997

ఒడినాకక్కా,

ఒనిత్సా బస్సు డ్రైవరు చేతికి ఈ ఉత్తరం ఇస్తున్నాను. పోస్టులో వేస్తే నువ్వు కాదు, నీ మనవరాళ్ళు చదువుకోవాలి.

లేగోస్ పోయి ఇన్నేళ్ళయింది, అక్కడ నువ్వు చేసే పనేమిట్రా అని పోయిన ఉత్తరంలో నిలదీశావు. చెప్తాను, కానీ అన్నం తింటూ చదవకు. నన్నో చవక హోటలు గదిలో కూచోబెట్టి బయట తాళం పెడతారు. కరెంటుండదు. కిటికీ కింద మురుక్కాలవ. తలుపు సందులోంచి బ్రెడ్డూ నీళ్ళసీసా తోస్తారు. సినిమా రాయడం అయిపోతే తాళం తీస్తారు. ఇదీ నీ తమ్ముడి రచనా వ్యాసంగం.

తాళం పెట్టేది చీఫ్ ఎమెనికే. వాడు ఎక్కడికి చీఫో దేవుడికే తెలియాలి. మొన్నటిదాకా మోటారుసైకిలు సామాన్లు అమ్మేవాడు. ఇప్పుడదే కొట్లో వీడియో సినిమాలు తీయించి కాసెట్లు అమ్ముతున్నాడు. బ్రేకు వైరు అడిగినట్టే కథ అడుగుతాడు. "ఒక మంత్రగత్తె, ఒక చెడిపోయిన కూతురు, చివర్లో పాస్టరు. శుక్రవారానికి కావాలి." రాస్తాను. తెర మీద మాత్రం "కథ, మాటలు: చీఫ్ ఎమెనికే" అని పడుతుంది. ఛీ! సంతకం పెట్టాలంటే నాలిక బయటపెట్టి చెమటలు కక్కే మనిషి వాడు. మొన్న బస్సులో కండక్టరు, దిగనని మొండికేసిన ముసలాయన మీద నా డైలాగే విసిరాడు: "నీ శవపేటికకి కూడా టిక్కెట్టు నేనే కొయ్యాలా?" బస్సంతా గొల్లుమంది. నేనూ నవ్వాను. ఆ మాట నాదేనంటే నన్ను కూడా దింపేసేవాడు.

పేరు వెయ్యమని అడిగితే చీఫ్ ఏమన్నాడో తెలుసా? "నీ పేరేమిట్రా? అజుబుయికే. అంటే? వెనకుండటమే బలం అని. మీ నాన్న తెలిసే పెట్టాడు. వెనకే ఉండు!" కొట్లో కుర్రాళ్ళంతా పొట్టలు పట్టుకున్నారు.

కానీ అక్కా, ఈసారి నాకోసం రాశాను. అమ్మ కథ. నాన్న పోయినప్పుడు మేనత్త ఎగోండూ మిగతా ఆడపడుచులూ శవాన్ని కడిగిన నీళ్ళు గిన్నెలో తెచ్చి, "మొగుణ్ణి నువ్వు చంపలేదని ఒట్టేసి ఇది తాగు" అంటే, అమ్మ ఒక్క దెబ్బ కొట్టి గిన్నె కింద పడేసింది చూడు, అదీ కథ. నేనప్పుడు నీ చంకలో ఉన్నాను, నాకేం తెలుసు. గుమ్మం బయట నిలబడి గిన్నె పడ్డ చప్పుడు విన్నది నువ్వు. నువ్వు చెప్పగా చెప్పగా విని పెరిగాను. సినిమా పేరు "ఒట్టు గిన్నె". దీనికి నా పేరు వేస్తానని చీఫ్ బైబిలు మీద చెయ్యేసి చెప్పాడు.

అమ్మకి ఇప్పుడే చెప్పకు.

తాళం వెనకాల నుంచి,
అజు


ఉముడిమా
మార్చి 30, 1997

ఒరే అజూ,

నీ ఉత్తరం కుట్టుమిషను మీద పెట్టుకుని చదువుతూ ఓ పెళ్ళికూతురి జాకెట్టుకి చెయ్యి తిరగేసి కుట్టేశాను. విప్పలేక చచ్చాను. ఆ పాపం నీదే.

వాడు బైబిలు మీద చెయ్యేస్తే నువ్వు నమ్మేశావా? ఆ చెయ్యి కడుక్కున్నాడో లేదో చూశావా ముందు? సరే, పేరు పడితే చాలు. నేను అమ్మకి చెప్పలేదు. ఊళ్ళో మాత్రం నా నోరు ఆగలేదు. మా తమ్ముడు మా అమ్మ మీద సినిమా రాశాడు, పేరు కూడా పడుతుంది అని కుట్టడానికి వచ్చిన ప్రతి మనిషికీ చెప్పాను. గిన్నె సంగతి ఊరికి తెలిసిందే నావల్ల కదా. అమ్మ ఒక్కనాడూ నోరు విప్పదు. నేనెప్పుడు ఆ మాటెత్తినా చేటో చీపురో పట్టుకుని లేచిపోతుంది. పొగడ్త కూడా పడని మనిషి.

మేనత్త ఎగోండు ఇప్పటికీ చర్చిలో మొదటి బెంచీయే. ఆవిణ్ణి చూస్తే నాకు ఒళ్ళు కంపరం. ఆ చేతులతో ప్రార్థన ఎలా చేస్తుందిరా? నువ్వు కాసెట్టు పంపు, లేకపోతే నేనే ఒనిత్సా వెళ్ళి కొంటాను. జనరేటరు అద్దెకి తెచ్చి, మన వాకిట్లో ఊరందర్నీ కూచోబెట్టి, ఆవిణ్ణి ముందు వరసలో కూచోబెడతాను. ఆవిడ మొహం చూడాలి నాకు.

అమ్మ మోకాళ్ళ నొప్పులతోనే పెండలం పాతుతోంది. వాడు తింటున్నాడా అని అడిగింది. పెళ్ళెప్పుడని అడగలేదు. విసిగిపోయినట్టుంది. నేను విసగలేదు, అడుగుతున్నాను.

జాకెట్టు విప్పుకుంటూ,
మీ అక్క


సురులేరే, లేగోస్
మే 18, 1997

అక్కా,

ఈపాటికి కాసెట్టు ఒనిత్సా బజారుకి వచ్చేసి ఉంటుంది. కొనకు. నీకు దణ్ణం పెడతాను, కొనకు. ఎవరైనా ఇంటికి తెచ్చినా అమ్మ కంట పడనివ్వకు.

చివర మార్చేశారు. నేను రాసినట్టే ఆవిడ గిన్నె కొడుతుంది, కింద పడుతుంది, బాగానే ఉంది. ఆ తరవాత ఆవిడ పొట్ట ఉబ్బుతుందక్కా. కుండలా ఉబ్బి, బజారు మధ్యలో పొర్లుతూ "నేనే చంపాను, నా మొగుడికి విషం నేనే పెట్టాను" అని అరిచి చస్తుంది. ఆడపడుచులు చేతులు పైకెత్తి పాట పాడతారు. దాని మీద "దేవుడికే మహిమ" అని అక్షరాలు. బయటికెళ్ళి కక్కుకున్నాను. ఊరికే అనే మాట కాదు, నిజంగానే.

చీఫ్‌ని అడిగాను. "తాగననేసి హాయిగా బతికితే ఇంక కాసెట్టులో ఏముందిరా? జనానికి శిక్ష కావాలి" అన్నాడు. అంటూ వేయించిన చేప ముల్లు నా కాగితాల మీద ఉమ్మాడు. నా పేరా? లేదు. కథ, మాటలు: చీఫ్ ఎమెనికే.

సిగ్గుతో,
అజు


ఉముడిమా
మే 22, 1997

అజుబుయికే,

తమ్ముడూ అని పిలవబుద్ధి కావడం లేదు.

ఆదివారం చర్చి అవగానే వాకిట్లో టీవీ పెట్టాను. నేనే స్వయంగా ఒనిత్సా వెళ్ళి తెచ్చిన కాసెట్టు. ఊరంతా వచ్చింది. అమ్మకి మడత కుర్చీ వేశాను, మేనత్త ఎగోండుకి పక్కనే పీట. "ఇది మా తమ్ముడు రాసింది" అని లేచి నిలబడి చెప్పాను. పేర్లు పడ్డాయి. నీ పేరు లేదు. వెనకాల ఎవరో కిసుక్కుమన్నారు. అది భరించాను. గిన్నె కింద పడగానే నేను చప్పట్లు కొట్టాను. ఒక్కదాన్నే.

తరవాత ఆ పొట్ట! థూ! కన్నతల్లి మీద అలాంటి రాత రాయడానికి నీకు చేతులెలా వచ్చాయిరా? అమ్మ కదలకుండా చివరి అక్షరం దాకా కూచుంది. లేచి, కుర్చీ మడిచి గోడకి ఆనించి, లోపలికెళ్ళిపోయింది. అప్పణ్ణించీ మాట్లాడలేదు. నీళ్ళ పంపు దగ్గర పిల్లలు పొట్టలు ముందుకి తోసుకుని ఆవిడ వెనక నడుస్తున్నారు. నిన్న ఒకావిడ అమ్మ వేసిన అకరా గారె తినకుండా పక్కన పెట్టేసింది. "విషం పెట్టే చెయ్యి" అందిట. తాగలేదని ఊరూరా చాటింది నేనే కదా, తాగనిదానికి ఇదే గతి అని సినిమా చెబుతోంది. ఇంకేం కావాలి వాళ్ళకి.

మేనత్తని పట్టుకుని దులిపేశాను. "చూశావుగా, సంతోషమేనా?" అన్నాను. ఆవిడ నాకేసి వింతగా చూసి, "మీ అమ్మనే అడగరాదుటే?" అంది. ఎంత పొగరు!

ఇప్పుడు నేను ఇల్లిల్లూ తిరిగి "మా తమ్ముడు రాయలేదండీ, కావాలంటే చూడండి, వాడి పేరే లేదు" అని చెప్పుకుంటున్నాను. నీ పేరు లేకపోవడం ఒక్కటే ఇప్పుడు మనకి దిక్కు. తెలిసిందా?

ఒడినాకా


సురులేరే, లేగోస్
జూన్ 15, 1997

అక్కా,

నీ ఉత్తరం, నా ఉత్తరం దారిలో ఎదురుపడి ఉంటాయి. నాది తీసుకెళ్ళిన బస్సు దారిలో ఓరే అనే ఊరి దగ్గర చెడిపోయి వారం పడుందిట. ఈపాటికి చదివి ఉంటావు. ఆ పొట్ట నేను రాయలేదు.

తప్పంతా నాదేననకు. అమ్మకి చెప్పకని నేనంటే నువ్వు ఊరికి చెప్పావు. మేనత్త మొహం చూడాలని నీకంత దురద ఎందుకు? చూశావుగా మొహం. నాకు చీఫ్ మీద ఎంత అసహ్యంగా ఉందో నీ జనరేటరు మీద కూడా అంతే ఉంది.

సరే, తిట్టుకోవడం తరవాత. కాసెట్టు విపరీతంగా ఆడుతోంది, చీఫ్ రెండో భాగం అడుగుతున్నాడు. మా సినిమాల్లో చచ్చినవాళ్ళెవరూ చచ్చి ఉండరు, రెండో భాగంలో లేచొస్తారు. ఇది నాకు దొరికిన సందు. ఆ చావు, ఆ ఒప్పుకోలు అంతా ఆడపడుచులు కన్న పీడకల అని మొదలుపెడతాను. అసలు జరిగింది జరిగినట్టు చూపిస్తాను. ఏ జనం అయితే అమ్మ వెనక పొట్టలు తోసుకుని నడిచారో వాళ్ళే నోరు మూసుకోవాలి. చీఫ్ "ఏదో ఒకటి తగలెయ్యి" అన్నాడు.

అందుకని నాకు నిజం కావాలి, సినిమాది కాదు. అమ్మని కూచోబెట్టి అడుగు. గిన్నె కొట్టినప్పుడు ఏమంది? ఏ చేత్తో కొట్టింది? ఎవరెవరున్నారు? అడగ్గానే చేట పట్టుకుని లేచిపోతే, ఆ చేట లాక్కుని అడుగు.

నీ తమ్ముణ్ణే, నువ్వు పిలవకపోయినా,
అజు


ఉముడిమా
జూలై 6, 1997

అజూ,

ఎలా రాయాలో తెలియడం లేదు. జరిగింది జరిగినట్టు రాస్తాను.

అమ్మ పులుసులోకి ఎగుసి పుచ్చగింజలు ఒలుస్తోంది. పక్కన కూచుని నేనూ ఒలుస్తూ, వాడు రెండో భాగం రాస్తున్నాడమ్మా, గిన్నె ఏ చేత్తో కొట్టావో అడగమన్నాడు అన్నాను. ఇన్నాళ్ళకి మాట్లాడింది.

"ఎవరే కొట్టింది?" అంది.

"నువ్వే. నేను బయటే ఉన్నాను కదా. గిన్నె పడటం విన్నాను."

"ఎలా పడింది?"

"ఖణేల్మని."

"నిండు గిన్నె పడితే ఖణేల్మంటుందా?" అంది అమ్మ. "నువ్వు విన్నది ఖాళీ గిన్నె. తాగేశాక నా చెయ్యి జారింది."

తాగింది రా. గింజలు ఒలుస్తూనే చెప్పింది. గుండు గీసి బూడిదలో కూచోబెట్టారుట. నీళ్ళు తెల్లగా లేవుట, సబ్బు నురగా నాన్న తల వెంట్రుకలూ తేలుతున్నాయిట. ముక్కు మూసుకోబోతే ఎవరో చెయ్యి లాగేశారుట, మొగుడి వాసన పడదా అని. ఒక్క గుక్కలో తాగిందిట. కక్కుకుంటే ఒట్టు తప్పినట్టే కదా, అందుకని వాళ్ళు వెళ్ళేదాకా పళ్ళు బిగించి కూచుందిట. ఆ తరవాత దొడ్లో అరటి మొక్కల్లో కక్కిందిట. పొయ్యి మీద పులుసుంది, ఆ వాసనకే లేచి పరిగెత్తాను.

తిరిగొచ్చి ఏడ్చాను. ఎందుకు తాగావమ్మా అన్నాను. అప్పుడు కోపం వచ్చింది ఆవిడకి. "తాగకపోతే ఈ ఇంట్లో మనల్ని ఉండనిచ్చేవారనుకున్నావా? ఇద్దరు పిల్లలతో ఎక్కడికి పోదును? ఇన్నేళ్ళలో ఒక్కనాడైనా ఆలోచించావా, అలా కొట్టిపారేసినదాన్ని ఈ ఊరు ఎలా ఊరుకుందా అని? మీకోసం నేను ఆ పెంట తాగితే, తాగలేదని మీరు గొప్పలు చెప్పుకుని తిరుగుతున్నారు. తాగినది మీకు పనికిరాదా?"

నీ మొదటి కథ రాసింది నేనేరా, చీఫ్ కాదు. తలుపు బయట నిలబడి రాశాను.

ఆవిడ నీకు చెప్పమన్నది ఒకటే. "వాణ్ణి తాగినట్టే రాయమను. సినిమాలోలా గాజు గిన్నె పెట్టొద్దను. గాజు గిన్నెట, మేమేమన్నా గవర్నర్లమా."

మీ అక్క


సురులేరే, లేగోస్
జూలై 27, 1997

అక్కా,

నీ ఉత్తరం చదివాక చాలాసేపు పళ్ళు తోముకున్నాను. ఎందుకో నాకే తెలీదు.

తరవాత రాశాను. ఈసారి తాళం అక్కర్లేకపోయింది. ఇన్నేళ్ళ రాతలో ఇదొక్కటే మనిషి రాసినట్టుంది. పాటలు లేవు, పాస్టరు లేడు. ఒక ఆడమనిషి తాగుతుంది, పళ్ళు బిగించి కూచుంటుంది, గుమ్మం బయట పిల్ల తప్పుగా వింటుంది. అంతే.

చీఫ్‌కి చదివి వినిపించాను. వాడు కర్రపెండలం ఫుఫు ముద్ద చేత్తో పట్టుకుని వింటున్నాడు. సగంలో ముద్ద పళ్ళెంలో పడేశాడు. "ఛీ ఛీ! జనం భోంచేస్తూ చూసేదిరా ఇది! తాగుతుందా? హీరోయినా?" నిజంగానే రోత పుట్టింది వాడికి. నాకెంత సంతోషం వేసిందో! చంపిస్తే రోత పుట్టలేదు, పొట్ట ఉబ్బిస్తే రోత పుట్టలేదు, తాగితే పుట్టింది. హీరోయిన్ని పిలిపించి అడిగాడు. మాల్ట్ డ్రింకు పోసినా సరే, దానికా పేరు పెడితే పెదవి కూడా ఆనించనంది. రెండో భాగం వేరే కుర్రాడికిచ్చారు. దెయ్యమై లేచొస్తుందిట.

నేను మానేశాను. చీఫ్ నవ్వి, "మానేశావని ఎవరికి తెలుస్తుందిరా, ఉన్నావనే ఎవరికీ తెలీదు" అన్నాడు. ఆ ఒక్క డైలాగు మాత్రం వాడు సొంతంగా రాశాడు.

కాగితాలు దీంతో పంపుతున్నాను. అమ్మకి చదివి వినిపించు, తప్పులుంటే చెప్పమను. ఒకచోట ఖాళీ వదిలాను. గిన్నె ఎలాంటిదో నాకు తెలీదు. తెర మీదకి రాకపోయినా అది సరిగ్గా ఉండాలి.

అజు


ఉముడిమా
ఆగస్టు 24, 1997

నా తమ్ముడూ,

కాగితాలు వచ్చాయి. అమ్మకి చదివాను. ఒకటే తప్పు చెప్పింది, పిల్ల గుమ్మానికి ఎడమవైపు నిలబడింది కాదు, కుడివైపుట. లోపల్నుంచి నా పాదాలు కనబడుతున్నాయిట ఆవిడకి. వాటికేసి చూస్తూ తాగిందిట.

ఏటా ఊళ్ళో జరిగే ఆడవాళ్ళ ఆగస్టు మీటింగుకి లేగోస్, కానో, అబూజాల్లో ఉన్న ఊరి ఆడవాళ్ళంతా వచ్చారు. ఒకరిని మించి ఒకరు లేసు బట్టలు కట్టుకుని తళతళలాడుతున్నారు. చర్చి హాల్లో సున్నాల గురించీ బెంచీల గురించీ మాటలయ్యాక, ఇంకెవరైనా ఏమైనా చెప్పాలా అన్నారు. అమ్మ లేచింది. నేను పక్కనుంటే నన్ను తోసేసి నిలబడింది.

"నా పిల్లలు నేను తాగలేదని చెప్పారు. అబద్ధం. తాగాను. సినిమాలో తాగనిది చచ్చింది, నేను తాగి బతికాను. విషం పెట్టే చెయ్యి అంటున్నారుట. ఒట్టు పూర్తిగా వేసిన చెయ్యి ఇది" అంది.

పాస్టరమ్మ, దేవుడి ఇంట్లో ఇలాంటి రోత మాటలేమిటి కూచోమంది. అమ్మ కూచోలేదు. "మాటే రోతా?" అంది. కొందరు మూతులకి కొంగులు అడ్డం పెట్టుకుని బయటికి నడిచారు. ఇంకొందరు తలలు వంచుకున్నారు. ఎవరెవరు వంచుకున్నారో చూశానురా. పెద్దపెద్ద ఇళ్ళవాళ్ళు.

అప్పుడు మేనత్త ఎగోండు లేచింది, మొదటి బెంచీలోంచే. "నేనూ తాగాను. మా ఆయన పోయినప్పుడు, మా అత్తగారి ఊళ్ళో. నీకు గిన్నె పట్టే ముందే తాగాను" అంది. ఇప్పుడు ఇద్దరూ కావిలించుకుంటారనుకున్నాను. నీ సినిమాలు చూసి పాడైపోయిన బుర్ర నాది.

అమ్మ అంది: "దాని రుచి తెలిసీ నాకెందుకు పట్టావు?"

మేనత్త అలా నిలబడే ఉంది. అమ్మ ఆవిణ్ణి కూచోమనలేదు. అదొక్కటే నాకు ఆ మీటింగంతటిలో నచ్చింది. ఊళ్ళో ఇంక గిన్నె పట్టకూడదని తీర్మానం ఏదో రాశారు. రాయనీ. పంపు దగ్గర పిల్లలు మాత్రం మానేశారు, వాళ్ళ అమ్మలే చెవులు మెలిపెట్టారు.

ఇంటికొచ్చాక నీ కాగితాల్లో ఖాళీ ఉందమ్మా, గిన్నె ఎలాంటిదో చెప్పు అన్నాను. లోపలికెళ్ళి తెచ్చి నా ముందు పెట్టింది.

నీలం అంచు ఎనామిల్ గిన్నెరా. అడుగున పెచ్చు ఊడింది చూడు, అదే. నీ గంజి గిన్నె. పొద్దున్నే మొక్కజొన్న గంజి అందులో పోస్తేనే తాగేవాడివి, ఇంకెందులో పోసినా నేల మీద పడి దొర్లేవాడివి. స్కూలుకెళ్ళే దాకా అదే. నేను దాన్ని పట్టుకోలేక కింద పడేశాను. ఖణేల్మంది.

ఛీ అమ్మా, దీన్ని ఎందుకు పారెయ్యలేదు, ఆ రోజే నలగ్గొట్టి పారెయ్యాల్సింది కదా అని అరిచాను.

అమ్మ వంగి గిన్నె తీసి, కట్టుకున్న గుడ్డ చెంగుతో తుడిచింది.

"ఇసక పెట్టి తోమాను. మళ్ళీ తోమాను. ఇంట్లో ఉన్నది ఒక్క గిన్నె" అంది. "పారేస్తే వాడు దేంట్లో తాగుతాడే?"

మీ అక్క, ఒడినాకా